అమానతు చేతులు మారిన రోజు
డాక్టర్ జాకీర్ హుస్సేన్ జీవితం - మనకొక పాఠం

మా ఎచ్చెర్ల చుట్టుపక్కల ఊళ్ళలో ముస్లిం కుటుంబాలు ఎక్కువగా లేవు. నాలుగైదు ఊళ్ళ వారు కలిసి ఒక మస్జిదును నడుపుకుంటారు. అలాంటి ఒక మస్జిదులో జరిగిన సంఘటన ఇది. కమిటీ సదర్ సాబ్ చాలా మంచి మనిషి. ఇరవై ఏళ్ళపాటు మస్జిదు పనులన్నీ ఒంటి చేత్తో నడిపారు. ఒకరోజు ఫజ్ర్ నమాజుకు వచ్చి ఇంటికి వెళ్ళిన మనిషి జొహర్ వేళకు ఈ లోకంలో లేరు. జనాజా ముగిసింది. మర్నాటి నుండి అసలు సమస్య మొదలైంది. చందా లెక్కలు ఆయన జేబు పుస్తకంలో ఉన్నాయి. ఆ రాత ఎవరికీ అర్థం కాలేదు. బీరువా తాళం ఎక్కడుందో తెలియదు. ఎవరు బాధ్యత తీసుకోవాలన్న మాటపై రెండు వర్గాలయ్యాయి. మూడు నెలలు పేష్ ఇమాం గారికి జీతం అందలేదు. ఆ ఊరి పెద్దలు కబురు పెడితే మేము వెళ్ళాము. రెండు వర్గాల వారూ చెడ్డవారు కాదు. తమ సదర్ సాబ్ కూడా ఒకరోజు చనిపోతారని ఎవరూ ముందుగా ఆలోచించలేదు, అంతే.

ఆ రాత్రి తిరిగి వస్తున్నప్పుడు మాకు మన దేశ మూడవ రాష్ట్రపతి డాక్టర్ జాకీర్ హుస్సేన్ గారు గుర్తుకు వచ్చారు. ఆయన కూడా అలాగే, పదవిలో ఉండగా, ఒక్క పూటలో వెళ్ళిపోయారు. కాని ఆయన వెళ్ళిన రోజున దేశపు అత్యున్నత పీఠం ఒక్క రోజు కూడా ఖాళీగా ఉండలేదు. ఒక చిన్న మస్జిదు కమిటీకి సాధ్యం కానిది అంత పెద్ద దేశానికి ఎలా సాధ్యమైంది? ఆ మనిషి జీవితమూ, ఆ రోజు జరిగిన సంగతులూ మన ఇళ్ళలో పిల్లలకు కూడా తెలియాలన్న ఉద్దేశంతో ఇక్కడ క్లుప్తంగా రాస్తున్నాము.

హైదరాబాదులో జననం

జాకీర్ హుస్సేన్ గారు 1897 ఫిబ్రవరి 8న మన హైదరాబాదులో జన్మించారు. వారి పూర్వీకులు ఆఫ్రిదీ పఠానులు. ఉత్తరప్రదేశ్‌లోని ఫరూఖాబాద్ జిల్లా ఖాయంగంజ్‌లో స్థిరపడ్డారు. తండ్రి ఫిదా హుస్సేన్ ఖాన్ గారు హైదరాబాదు వచ్చి న్యాయవాదిగా మంచి పేరూ, సంపాదనా గడించారు. ఏడుగురు అన్నదమ్ములలో జాకీర్ గారు మూడవవారు.

ఆయనకు పదేళ్ళ వయసులో, 1907లో, తండ్రి మరణించారు. కుటుంబం ఖాయంగంజ్‌కు తిరిగి వెళ్ళింది. మరో నాలుగేళ్ళకు, 1911లో, ప్లేగు వ్యాధి తల్లిని కూడా తీసుకుపోయింది. అప్పటికి ఆయన ఇటావాలోని ఇస్లామియా హైస్కూల్ విద్యార్థి. బాల్యంలోనే రెండు మరణాలు చూసిన ఆ అనాథ బాలుడికి, మనిషి ఎప్పుడైనా వెళ్ళిపోవచ్చునన్న సత్యం ఎవరూ చెప్పకుండానే అర్థమై ఉంటుంది.

పైచదువులకు ఆయన అలీగఢ్ కళాశాలలో చేరారు. 1920లో ఖిలాఫత్, సహాయ నిరాకరణ ఉద్యమాలు ఊపందుకున్నాయి. బ్రిటిషు ప్రభుత్వ సహాయంతో నడిచే విద్యాలయాలను వదలమని గాంధీజీ, మౌలానా ముహమ్మద్ అలీ జౌహర్ పిలుపునిచ్చారు. ఆ పిలుపు విని కళాశాలను వదిలిన యువకులలో జాకీర్ గారు ముందు వరుసలో ఉన్నారు. అలా 1920 అక్టోబరు 29న అలీగఢ్‌లోనే జామియా మిల్లియా ఇస్లామియా ప్రారంభమైంది. షేఖుల్ హింద్ మౌలానా మహమూదుల్ హసన్ (రహ్మతుల్లాహి అలైహి) చేతుల మీదుగా దానికి పునాది పడింది.

ఇరవై ఏళ్ళ ప్రతిజ్ఞ

1922లో ఆయన జర్మనీ వెళ్ళి బెర్లిన్ విశ్వవిద్యాలయంలో ఆర్థికశాస్త్రంలో డాక్టరేటు పొందారు. ఆయన అక్కడ ఉండగానే ఇక్కడ జామియా మూతపడే పరిస్థితి వచ్చింది. ఖిలాఫత్ కమిటీ నుండి వచ్చే నిధులు ఆగిపోయాయి. 1925లో జామియాను అలీగఢ్ నుండి ఢిల్లీలోని కరోల్‌బాగ్‌కు మార్చారు. అప్పుడు బెర్లిన్‌లో ఉన్న ముగ్గురు మిత్రులు, జాకీర్ హుస్సేన్, ఆబిద్ హుస్సేన్, ముహమ్మద్ ముజీబ్ గార్లు, జామియాను మూయవద్దనీ, తాము వచ్చి తమ జీవితాలను దానికే అర్పిస్తామనీ కబురు పంపారు. 1926లో తిరిగి వచ్చి మాట నిలుపుకున్నారు. ఇరవై తొమ్మిదేళ్ళ వయసులో జాకీర్ గారు జామియా ఉపకులపతి అయ్యారు. ఆ పదవిని అక్కడ షేఖుల్ జామియా అంటారు.

పేరు గొప్పదే కాని అక్కడ డబ్బు లేదు. ఎలాగో నిధులు తెచ్చి ఆదుకుంటున్న హకీం అజ్మల్ ఖాన్ గారు 1927 డిసెంబరులో మరణించారు. అంతకాలం ఒక్క మనిషి భుజాల మీద నిలిచిన సంస్థ ఒక్కసారిగా దిక్కులేనిదయింది. మేము మొదట చెప్పిన మస్జిదు పరిస్థితికీ దీనికీ తేడా ఏమీ లేదు. కాని జామియా ఉపాధ్యాయులు వర్గాలుగా విడిపోలేదు. 1928లో వారంతా కూర్చుని ఒక సంఘంగా ఏర్పడ్డారు. ఇరవై ఏళ్ళపాటు, నెలకు నూట యాభై రూపాయలకు మించని జీతంతో జామియాకు సేవ చేస్తామని ప్రతిజ్ఞ చేశారు. యూరపులో చదివి వచ్చిన వారికి బయట ఎంత జీతం దొరికేదో చెప్పనవసరం లేదు. ఆ కొద్ది జీతం కూడా చాలా నెలలు పూర్తిగా చేతికి అందేది కాదు. అయినా వారు కదలలేదు. అంతవరకు ఒక్కరు మోసిన బరువును అందరూ పంచుకున్నారు. ఒక మనిషి పోయినా సంస్థ పోకూడదని వారు నేర్చుకున్నది అప్పుడే.

1935 మార్చి 1న ఓఖ్లాలో జామియా సొంత భవనానికి పునాదిరాయి వేశారు. ఏ నవాబునో, ఏ నాయకుణ్ణో పిలవలేదు. జామియాలో చదివే పిల్లలందరిలోకి చిన్నవాడైన అబ్దుల్ అజీజ్ అనే బాలుడి చేత ఆ రాయి వేయించారు. ఈ సంస్థ రేపటి వారిది, మనం కాపలాదారులం మాత్రమే అన్న భావాన్ని ఇంతకన్నా స్పష్టంగా ఎలా చెప్పగలం?

జాకీర్ గారు పిల్లలను ఎంతగా ప్రేమించేవారో తెలిపే ఒక సంఘటనను ఆయన జీవితం రాసినవారు చెబుతారు. ఒకరోజు ప్రాథమిక పాఠశాలలో ఆయన పిల్లలకు మిఠాయిలు పంచుతున్నారు. ఎవరో వచ్చి చెవిలో ఏదో చెప్పారు. ఆయన ముఖం పాలిపోయింది కాని చేయి ఆగలేదు. ఆఖరి పిల్లవాడికి కూడా మిఠాయి ఇచ్చాకే ఇంటికి బయలుదేరారు. చెవిలో చెప్పిన వార్త ఆయన చిన్నారి కూతురు రెహానా మరణవార్త. తన దుఃఖంతో పిల్లల సంతోషాన్ని పాడుచేయడం ఆయనకు ఇష్టం లేకపోయింది. తర్వాతి కాలంలో ఆ పాప పేరు కలిసిన కలం పేరుతోనే ఆయన పిల్లల కథలు ప్రచురించారు. ఉర్దూ చదివిన ఇళ్ళలో 'అబ్బూ ఖాన్ కీ బక్రీ' కథ ఎరగని వారుండరు.

1937లో గాంధీజీ వార్ధాలో విద్యా మహాసభ జరిపి, చేతిపని ద్వారా చదువు నేర్పే పద్ధతికి పథకం తయారు చేసే కమిటీకి జాకీర్ గారినే అధ్యక్షుణ్ణి చేశారు. 1946 నవంబరులో జరిగిన జామియా రజతోత్సవంలో నెహ్రూ, మౌలానా ఆజాద్, రాజాజీ ఒకవైపు, జిన్నా, లియాఖత్ అలీ ఖాన్ మరోవైపు ఒకే వేదిక మీద కూర్చున్నారు. దేశం రెండు ముక్కలవుతున్న ఆ రోజుల్లో మరెవరు పిలిచినా వారంతా కలిసి వచ్చేవారు కారేమో!

1947 ఆగస్టులో కాశ్మీరుకు ప్రయాణమై వెళుతూ జలంధర్ స్టేషన్‌లో ఆయన అల్లరి మూకల చేతికి చిక్కారు. ఒక సిక్కు సైనికాధికారి, ఒక హిందూ రైల్వే ఉద్యోగి అడ్డుపడి ఆయన ప్రాణం కాపాడారు. ఆయన అన్నదమ్ములలో డాక్టర్ మహమూద్ హుస్సేన్ పాకిస్తాన్ వెళ్ళి అక్కడ మంత్రి అయ్యారు. మరో సోదరుడు యూసుఫ్ హుస్సేన్ ఖాన్ ఇక్కడే ఉస్మానియా విశ్వవిద్యాలయంలో ఆచార్యులుగా పనిచేశారు. జాకీర్ గారు ఈ దేశాన్ని వదలలేదు.

పదవులు

ఇరవై రెండేళ్ళు జామియాను నడిపాక 1948లో ఆయన అలీగఢ్ ముస్లిం విశ్వవిద్యాలయం ఉపకులపతి అయ్యారు. విభజన తర్వాత అనుమానాల మధ్య, భయాల మధ్య ఉన్న ఆ విద్యాలయాన్ని 1956 వరకు కాపాడారు. 1957లో బీహారు గవర్నరు. 1962 మే 13న ఉపరాష్ట్రపతి. 1963లో భారతరత్న.

1967లో రాష్ట్రపతి పదవికి పోటీ పడ్డప్పుడు ఆయన ప్రధాన ప్రత్యర్థి మన తెలుగువారే. రాజమండ్రికి చెందిన కోకా సుబ్బారావు గారు సుప్రీంకోర్టు ప్రధాన న్యాయమూర్తి పదవికి రాజీనామా చేసి ప్రతిపక్షాల అభ్యర్థిగా నిలిచారు. ఒక ముస్లిం ఈ దేశానికి రాష్ట్రపతి కాగలడా అని అప్పట్లో చాలామంది సందేహించారు. జాకీర్ గారికి 4,71,244 విలువగల ఓట్లు, సుబ్బారావు గారికి 3,63,971 విలువగల ఓట్లు వచ్చాయి. 1967 మే 13న ఆయన మన దేశానికి తొలి ముస్లిం రాష్ట్రపతిగా ప్రమాణం చేశారు. అదే రోజు ఉపరాష్ట్రపతిగా ప్రమాణం చేసినవారు వరాహగిరి వెంకటగిరి గారు.

ఈ గిరి గారిని మన ప్రాంతం వారికి పరిచయం చేయనక్కరలేదు. ఎచ్చెర్ల మీదుగా పోయే జాతీయ రహదారి మీద ఉత్తరంగా వెళితే వచ్చే బరంపురం ఆయన జన్మస్థలం. 1952 తొలి ఎన్నికలలో మన పాతపట్నం నుండే ఆయన లోక్‌సభకు ఎన్నికై నెహ్రూ మంత్రివర్గంలో కార్మిక మంత్రి అయ్యారు. బ్యాంకు ఉద్యోగుల జీతాల విషయంలో ప్రభుత్వంతో ఏకీభవించలేక 1954లో మంత్రి పదవిని వదిలేశారు. 1957లో పార్వతీపురంలో ఓడిపోయారు. ఆ ఓటమిపై సుప్రీంకోర్టు దాకా వెళ్ళి అక్కడా ఓడిపోయారు. అలాంటి మనిషి చేతికి అల్లాహ్ ఒకరోజు ఈ దేశపు అత్యున్నత బాధ్యతను అప్పగించనున్నాడని అప్పుడు ఎవరు అనుకున్నారు?

1969 మే 3

ఆ రోజు శనివారం. జాకీర్ గారు ఈశాన్య ప్రాంత పర్యటన ముగించుకుని ఢిల్లీ చేరి కొద్ది రోజులే అయింది. గుండె బలహీనత ఉంది. ఉదయం వైద్యులు మామూలుగా పరీక్ష చేయడానికి వచ్చారు. ఆయన స్నానాల గదికి వెళ్ళారు. ఎంతసేపటికీ బయటికి రాలేదు. తలుపు తీసి చూస్తే కింద పడి ఉన్నారు. వైద్యులు పక్కనే ఉన్నా ఏమీ చేయలేకపోయారు. ఇన్నా లిల్లాహి వ ఇన్నా ఇలైహి రాజిఊన్. పదవిలో ఉండగా మరణించిన మొదటి భారత రాష్ట్రపతి ఆయనే. పదవీకాలంలో ఇంకా మూడేళ్ళు మిగిలి ఉన్నాయి.

రాష్ట్రపతి భవన్‌లో దుఃఖం నిండి ఉండగానే, అదే రోజు, గిరి గారు తాత్కాలిక రాష్ట్రపతిగా ప్రమాణం చేశారు. ఎవరూ వాదులాడుకోలేదు. ఎందుకంటే ఇలాంటి రోజు వస్తుందని రాజ్యాంగం రాసినవారు ముందే ఊహించారు. రాష్ట్రపతి మరణించినా, రాజీనామా చేసినా ఉపరాష్ట్రపతి ఆ బాధ్యత చూడాలని 65వ అధికరణంలో రాశారు. ఆరు నెలలలోపు కొత్త రాష్ట్రపతిని ఎన్నుకోవాలని 62వ అధికరణంలో రాశారు. ఎవరూ చనిపోకముందే, ప్రశాంతంగా కూర్చుని రాసిన ఆ రెండు మాటలు అంత దుఃఖంలోనూ దేశాన్ని నిలబెట్టాయి.

అయినా ఒక లోటు కనిపించింది. ఇప్పుడు ఆ ఉపరాష్ట్రపతి కూడా లేకుండా పోతే? దానికి జవాబు రాసి లేదు. పార్లమెంటు ఆలస్యం చేయలేదు. అలాంటప్పుడు సుప్రీంకోర్టు ప్రధాన న్యాయమూర్తి, ఆయన కూడా లేకుంటే అందుబాటులో ఉన్న అత్యంత సీనియర్ న్యాయమూర్తి రాష్ట్రపతి బాధ్యతలు చూడాలని మే 28 నాటికి చట్టం వచ్చేసింది. మరణం జరిగిన ఇరవై అయిదు రోజులకే!

ఆ చట్టం అవసరం రెండు నెలలైనా గడవకముందే వచ్చింది. రాష్ట్రపతి పదవికి స్వతంత్రంగా పోటీ చేయాలని నిర్ణయించుకున్న గిరి గారు జూలై 20న రాజీనామా చేశారు. అదే రోజు ప్రధాన న్యాయమూర్తి జస్టిస్ ముహమ్మద్ హిదాయతుల్లా గారు తాత్కాలిక రాష్ట్రపతి అయ్యారు. ఆగస్టు 24 వరకు, ముప్పై అయిదు రోజులు, ఆయన ఆ అమానతును కాపాడారు. అమెరికా అధ్యక్షుడు నిక్సన్ మన దేశానికి వచ్చినప్పుడు స్వాగతం పలికింది ఆయనే. గడువు ముగియగానే మారుమాట లేకుండా తిరిగి తన న్యాయపీఠానికి వెళ్ళిపోయారు. పీఠం దొరికాక దిగడానికి మనసొప్పని వారే లోకంలో ఎక్కువ. ఈ ఒక్క గుణం కోసమైనా ఆయన్ని మన పిల్లలకు పరిచయం చేయాలి.

ఎన్నిక మాత్రం ప్రశాంతంగా జరగలేదు. కాంగ్రెసు అధికారిక అభ్యర్థి నీలం సంజీవరెడ్డి గారు, స్వతంత్ర అభ్యర్థి గిరి గారు. ఇద్దరూ తెలుగువారే. మూడవవారు సి.డి. దేశ్‌ముఖ్ గారు. ప్రధాని ఇందిరాగాంధీ తన పార్టీ అభ్యర్థిని కాదని, మనస్సాక్షి ప్రకారం ఓటు వేయమన్నారు. ఆగస్టు 16న ఓటింగు జరిగింది. మొదటి లెక్కలో ఎవరికీ ఆధిక్యం రాలేదు. రెండవ ప్రాధాన్య ఓట్లు కలిపాక గిరి గారికి 4,20,077, సంజీవరెడ్డి గారికి 4,05,427 వచ్చాయి. ఆ ఎన్నిక వేడికి ఏడాది తిరగకముందే కాంగ్రెసు రెండుగా చీలిపోయింది. ఎన్నిక చెల్లదని సుప్రీంకోర్టులో దావా పడితే, రాష్ట్రపతిగా ఉన్న గిరి గారు స్వయంగా కోర్టుకు వచ్చి సాక్ష్యం చెప్పారు. 1970లో దావా కొట్టివేయబడింది. మనుషుల మధ్య పోటీ ఉంది, పంతం ఉంది. కాని దారి ముందే రాసి ఉన్నందువల్ల ఆ పోటీ ఆ దారిలోనే నడిచింది.

ఎనిమిదేళ్ళ తర్వాత ఇదే మళ్ళీ జరిగింది. 1977 ఫిబ్రవరి 11న రాష్ట్రపతి ఫక్రుద్దీన్ అలీ అహ్మద్ గారు పదవిలో ఉండగా మరణించారు. ఉపరాష్ట్రపతి బి.డి. జత్తి గారు బాధ్యత తీసుకున్నారు. ఆరు నెలల గడువు దాటకముందే, జూలై 25న, సంజీవరెడ్డి గారు రాష్ట్రపతిగా ప్రమాణం చేశారు. 1969లో ఓడిన మనిషే ఈసారి ఏకగ్రీవంగా ఎన్నికయ్యారు.

మన చరిత్రలో

పాఠకులకు ఇక్కడ మన చరిత్ర గుర్తుకు రాక మానదు. దైవప్రవక్త (స) ఈ లోకాన్ని వీడిన రోజున సహాబాలు దుఃఖంతో దిక్కుతోచని స్థితిలో ఉన్నారు. అంతటి హజ్రత్ ఉమర్ (రజి) కూడా ఆ వార్తను నమ్మలేకపోయారు. అలాంటి వేళ హజ్రత్ అబూబక్ర్ (రజి) అందరికీ ధైర్యం చెప్పారు. ఖననం జరగకముందే సఖీఫా బనీ సాఇదాలో సంప్రదింపులు జరిగి ఆయన ఖలీఫాగా ఎన్నికయ్యారు. హజ్రత్ అబూబక్ర్ (రజి) తన చివరి రోజుల్లో పెద్దలను సంప్రదించి హజ్రత్ ఉమర్ (రజి) పేరు చెప్పి వెళ్ళారు. హజ్రత్ ఉమర్ (రజి) కత్తిపోట్లకు గురై మరణశయ్య మీద ఉండి కూడా, ఆరుగురు సహాబాల పేర్లు చెప్పి, మూడు రోజులలో తమలో ఒకరిని ఎన్నుకోమని గడువు పెట్టారు. ముగ్గురి విషయంలో పద్ధతులు వేరు. కాని సముదాయాన్ని నాయకుడు లేకుండా వదలరాదన్న జాగ్రత్త ఒక్కటే.

సమాధి ఎక్కడ?

జాకీర్ గారి సమాధి ఢిల్లీలోని రాచ సమాధుల మధ్య లేదు. జామియా ప్రాంగణంలో, తాను జీతం అందని నెలల్లో కూడా వదలని ఆ నేలలోనే, ఆయన విశ్రమిస్తున్నారు. ఆ చుట్టూ ఇప్పుడు వేలాదిమంది విద్యార్థులు చదువుకుంటున్నారు. రాష్ట్రపతి పీఠం ఆయన దగ్గర ఉన్నది రెండేళ్ళే, మరుక్షణమే అది మరొకరి దయింది. జామియాకు ఇచ్చిన ఇరవై రెండేళ్ళు మాత్రం ఇంకా ఫలాలనిస్తూనే ఉన్నాయి.

పాఠక సోదర సోదరీమణులారా! దేశానికి రాజ్యాంగం ఉన్నట్లే మన మస్జిదుకూ, మదర్సాకూ, ఇంటికీ రాసి పెట్టిన నాలుగు మాటలు ఉండాలి. కమిటీకి సదరుతోపాటు నాయబ్ సదర్ ఉండాలి, అది పేరుకు మాత్రమే కాకూడదు. చందా లెక్క జేబు పుస్తకంలో కాక రిజిస్టరులో ఉండాలి, నెలకోసారి జుమా తర్వాత అందరికీ వినిపించాలి. బీరువా తాళాలు ఇద్దరి దగ్గర ఉండాలి. ఇంటి యజమాని ఎవరికి బాకీ ఉన్నాడో, ఎవరు తనకు బాకీ ఉన్నారో, భార్య మహర్ చెల్లించాడో లేదో వసీయత్‌గా రాసి పెట్టుకోవాలి. ఇవి చావును కోరుకోవడం కాదు. మన తర్వాత మిగిలే వారిపై దయ చూపడం.

మేము వెళ్ళిన ఆ మస్జిదులో చివరికి సయోధ్య కుదిరింది. సదర్ సాబ్ పెద్ద కొడుకు జేబు పుస్తకాన్ని మా ముందుంచి, తన తండ్రి చేతిరాతను ఒక్కొక్క అక్షరం చదివి చెప్పాడు. మూడు పూటలు పట్టింది. ఒక్క రూపాయి కూడా తేడా రాలేదు. ఆ అబ్బాయి కళ్ళ నీళ్ళు పెట్టుకున్నాడు. అంత నిజాయితీగా బతికిన మనిషి మీద మూడు నెలలు అనుమానపు మాటలు పడ్డాయి. ఆయన చేసిన తప్పు ఒక్కటే, తన తర్వాత ఏమిటన్నది రాసి పెట్టలేదు. ఇప్పుడు అక్కడ రిజిస్టరు ఉంది, మొదటి పేజీలో సదర్ పేరు కింద నాయబ్ పేరు కూడా ఉంది.

అమానతును నిజాయితీగా మోయడం ఎంత అవసరమో, దాన్ని చేతులు మార్చే దారిని ముందే సిద్ధం చేయడమూ అంతే అవసరం. ఆ జాగ్రత్తను అల్లాహ్ మనందరికీ ప్రసాదించుగాక! జాకీర్ హుస్సేన్ గారి సేవలను స్వీకరించి ఆయన్ని మన్నించుగాక! ఆమీన్.